పాఠకుల ప్రశ్నలు, చరిత్ర జవాబులు: పీలా అనే ఊరి గురించి

కిందటి సంచికలో సైప్రస్ మీద నాలుగు మాటలు రాశాను. అందులో పీలా అనే ఊరి పేరు ఒక్కసారి వచ్చింది. ఆ ఒక్క మాటకే ఇన్ని జాబులు వచ్చాయి. మన కావలి, నెల్లూరు, ఒంగోలు పిల్లలు చదువులకనీ, ఇళ్ళలో పనికనీ, హోటళ్ళలో ఉద్యోగానికనీ ఆ దీవికి వెళ్ళి ఉండటమే కారణం అనుకుంటున్నాను. అందుకే ఈ నెల శీర్షిక మొత్తం పీలాకే ఇచ్చేస్తున్నాను. మా మేనల్లుడు ఆ దీవిలోని లార్నాకా నగరంలో ఒక హోటల్లో వంట చేస్తున్న రోజుల్లో నేనూ ఆ ఊరికి వెళ్ళాను. నెల్లూరులో చరిత్ర పాఠాలు చెప్పి రిటైరైన నాకు ఆ ఊరంటే చాలా ఇష్టం. జవాబుల్లో ఆ ఇష్టం కనిపిస్తే కనిపించనివ్వండి.

మేడమ్ గారూ, కిందటి రొట్టెల పండక్కి స్వర్ణాల చెరువులో విదేశీ రొట్టె పట్టుకున్నాను. మా అబ్బాయికి లార్నాకాలో సీటు వచ్చింది. ఇప్పుడు వాడు ఫోన్ చేసి, దగ్గర్లో ఒక ఊళ్ళో గ్రీకులు, టర్కీ వాళ్ళు కలిసి ఉంటారు, ఐక్యరాజ్యసమితి సైనికులు కాపలా ఉంటారు అంటున్నాడు. నాకు టెన్షన్‌గా ఉంది. అది కొట్లాటల ఊరా? ఆ ఒక్క ఊరే ఎందుకట్టా మిగిలింది? – ఒక తల్లి, కావలి

తల్లీ, ముందు మీ టెన్షన్ సంగతి. పీలాలో జనం మామూలుగా బతుకుతున్నారు. పిల్లలు బడికి పోతారు, పొలం పనులు జరుగుతాయి, సాయంత్రం కాఫీ దుకాణాలు నిండుతాయి. మీ అబ్బాయి వెళ్ళి చూడటంలో భయపడాల్సింది లేదు.

ఇక ఎందుకు మిగిలిందంటారా? 1974 జూలై 15న గ్రీసులోని సైనిక ప్రభుత్వం సైప్రస్‌లో కుట్ర చేయించింది. దీవిని గ్రీసులో కలిపేయాలని వాళ్ళ ఉద్దేశం. 20వ తేదీన టర్కీ సైన్యం ఉత్తర తీరాన దిగింది. ఆగస్టు 16న కాల్పులు ఆగేసరికి దీవిలో మూడో వంతుకు పైగా దాని చేతిలో ఉంది. రెండు సైన్యాలకూ మధ్య మిగిలిన జాగాను ఐక్యరాజ్యసమితి శాంతి దళం చూసుకుంటోంది. పొడవు 180 కిలోమీటర్లు. వెడల్పు రాజధాని నికోసియాలో కొన్నిచోట్ల నాలుగడుగులు వేస్తే అయిపోతుంది, మరికొన్ని చోట్ల ఏడు కిలోమీటర్లు దాటుతుంది. పీలా ఆ మధ్య జాగాలో పడింది. పక్కనే ధెకేలియా అనే బ్రిటిష్ సైనిక స్థావరం ఉంది. టర్కీ సైన్యం ఊరి పైనున్న గుట్ట దగ్గర ఆగిపోయింది. ఊళ్ళోవాళ్ళు ఎవరిళ్ళలో వాళ్ళు ఉండిపోయారు.

మిగతా దీవిలో అట్లా జరగలేదు. దీవికి చెందిన గ్రీకు వాళ్ళు, అంటే గ్రీకు సైప్రియాట్లు, లక్షన్నర మందికి పైగా దక్షిణానికి పారిపోయారు. సుమారు 50 వేల మంది టర్కిష్ సైప్రియాట్లు ఉత్తరానికి వెళ్ళారు. తాళాలు వేసి, వారం రోజుల్లో తిరిగొస్తామనుకుని వెళ్ళినవాళ్ళే ఎక్కువ. అటువంటి దీవిలో ఒక ఊరు చెదరకుండా నిలబడింది.

నేను చూసింది చెబుతాను. ఊరి నడుమ ఒక చిన్న కూడలి. ఒక వైపు గ్రీకు వాళ్ళ కాఫీ దుకాణం, ఎదురుగా టర్కిష్ వాళ్ళది. ఎవరి జెండా వాళ్ళది. అక్కడే ఐక్యరాజ్యసమితి వాళ్ళ కాపలా గది. తలెత్తితే గుట్ట మీద టర్కీ సైన్యం ఠాణా. చర్చి ఉంది, మసీదు ఉంది, మధ్యయుగాల నాటి రాతి బురుజు ఒకటి ఉంది. ఊరిపెద్దలు ఇద్దరు. ముఖ్తార్ అంటారు, ఒక్కో వర్గానికి ఒకరు. బడులు రెండు. నీళ్ళ సంగతైనా, రోడ్డు సంగతైనా, ఇంటికి ఒక గది వేసుకోవడమైనా ఐక్యరాజ్యసమితి అధికారుల దగ్గర మాట్లాడుకోవాల్సిందే.

మా మేనల్లుడికి గ్రీకు కొంచెం వచ్చు. టర్కిష్ దుకాణంలో కూర్చున్న పెద్దాయన వాడితో గ్రీకులోనే మాట్లాడాడు, చాలా ధారాళంగా. ఎదురు దుకాణంలోని ఒకాయన్ని చూపించి, ఇద్దరం చిన్నప్పుడు ఒకే మందలో గొర్రెలు కాశామన్నాడు. ఇప్పుడు రోజూ కలుస్తారా అని అడిగించాను. చావుకీ, పెళ్ళికీ వెళ్తామన్నాడు. ఊరు నిలబడటానికి ఆ మాత్రం సరిపోతుందని ఆయన్ని చూశాక నాకు నమ్మకం కలిగింది.

పోటీ పరీక్షలకు చదువుతున్నాను. గ్రీకులు, టర్కులు మొదటి నుంచీ శత్రువులేనా? పీలా అసలు ఎవరిది? – డిగ్రీ విద్యార్థి, ఒంగోలు

బాబూ, రెండో ప్రశ్న ముందు తీసుకుందాం. పీలా పొలిమేరలో, సముద్రం వైపు, కొక్కినోక్రెమోస్ అనే బల్లపరుపు గుట్ట ఉంది. క్రీస్తు పూర్వం 13వ శతాబ్దం చివర్లో దాని మీద ఒక ఊరు కట్టారు. చుట్టూ గోడ, గోడనానుకుని వరసగా గదులు. కొన్ని పదుల ఏళ్ళకే ఖాళీ చేసి వెళ్ళిపోయారు. వెళ్తూ వెళ్తూ బంగారం, వెండి, కంచు వస్తువులు దాచిపెట్టారు. మళ్ళీ తీసుకోవడానికి రాలేదు. 1952లో డికయోస్, ఆ తర్వాత 1980ల్లో కరయోర్గిస్ అక్కడ తవ్వారు. క్రీటు, అనటోలియా (ఇప్పటి టర్కీ నేల), సిరియా తీరం, ఎక్కడో పడమటి సార్డీనియా, అన్ని చోట్ల కుండలూ దొరికాయి. మూడు వేల ఏళ్ళ కిందటే పది రేవుల సరుకు దిగిన నేల అది. ఎవరిదని అడిగితే ఏ ఒక్కరి పేరూ రాయలేము. పరీక్షలో అడగరు కానీ ఇది గుర్తు పెట్టుకో.

మొదటి ప్రశ్న పెద్దది. ఒట్టోమన్ (టర్కు సుల్తానుల) సైన్యం 1570లో నికోసియాను, 1571లో ఫమగుస్తాను పట్టుకుంది. ఆ తర్వాత అనటోలియా నుంచి వచ్చి స్థిరపడినవాళ్ళు కొందరు, ఇక్కడే మతం మారినవాళ్ళు కొందరు కలిసి ముస్లిం జనాభా అయ్యారు. రెండు మతాల పద్ధతులూ పాటిస్తూ, పిల్లలకు రెండు రకాల పేర్లూ పెట్టుకుంటూ బతికినవాళ్ళు కూడా ఉండేవారు. వాళ్ళని లినోబంబాకి అనేవారు. లూరుజినా వంటి ఊళ్ళు వాళ్ళవే. తర్వాతి కాలంలో ఎవరో ఒకరి వైపు తేల్చుకోమని వాళ్ళ మీద ఒత్తిడి పెరిగింది. ఆ మనుషులు తేలికగా చరిత్ర పుస్తకాల్లోంచి జారిపోతారు. నాకు అది చాలా బాధ.

1833లో పన్నుల భారం మీద దీవిలో తిరుగుబాట్లు లేచాయి. పాఫోస్ వైపు నాయకత్వం వహించింది గావుర్ ఇమామ్ అనే ముస్లిం. ఆయన వెనక క్రైస్తవ రైతులూ నడిచారు. ఆకలికి మతం అడ్డం రాలేదు. 1948లో అమెరికన్ కంపెనీ రాగి గనుల్లో గ్రీకు, టర్కిష్ కార్మికులు కలిసి నెలల తరబడి సమ్మె చేశారు. 1891 జనాభా లెక్కల్లో కలగలుపు ఊళ్ళు 346 ఉండేవి. మరి 1960 నాటికి 114 మిగిలాయంటే నడుమ ఏం జరిగింది?

బడి జరిగింది ముందు. గ్రీకు పిల్లలకు ఏథెన్స్ పుస్తకాలు, టర్కిష్ పిల్లలకు అంకారా పుస్తకాలు. ఒకే వీధి పిల్లలు వేరు వేరు మాతృదేశాల పాటలు నేర్చుకున్నారు. జీవితమంతా టీచరుగా పని చేసినదాన్ని కాబట్టి ఈ మాట గట్టిగా అంటున్నాను: ఒక తరం చేతికి మీరిచ్చే పాఠ్యపుస్తకం, ఆ ఊరి తర్వాతి యాభై ఏళ్ళను రాస్తుంది. 1955 నుంచి 59 దాకా ఎయోకా అనే గ్రీకు దళం బ్రిటిష్ వాళ్ళ మీద పోరాడింది, గ్రీసులో కలవాలని. బ్రిటిష్ ప్రభుత్వం పోలీసు బలగాలను టర్కిష్ యువకులతో నింపింది. దాంతో గ్రీకు కుర్రవాడి తుపాకీకి ఎదురుగా పక్కింటి టర్కిష్ కుర్రవాడు నిలబడ్డాడు. టర్కిష్ వైపూ 1957లో టీఎమ్‌టీ అనే రహస్య దళం పుట్టింది, దీవిని విభజించాలని. 1960లో స్వాతంత్ర్యం వచ్చింది. అధ్యక్షుడు గ్రీకు, ఉపాధ్యక్షుడు టర్కిష్, పార్లమెంటు సీట్లు 70:30. నాలుగేళ్ళు తిరగకుండానే 1963 డిసెంబరులో నికోసియాలో రక్తం పారింది. బ్రిటిష్ జనరల్ ఒకరు పటం మీద ఆకుపచ్చ పెన్సిల్‌తో గీత గీశారు. నగరాన్ని చీల్చిన గీతను ఇప్పటికీ గ్రీన్ లైన్ అనే పిలుస్తారు.

ఇద్దరి పేర్లు చెప్పి ఈ జవాబు ఆపుతాను. దెర్విష్ అలీ కవాజోగ్లు, కోస్తాస్ మిసియాఊలిస్. ఒకరు టర్కిష్ సైప్రియాట్, ఒకరు గ్రీకు సైప్రియాట్, ఇద్దరూ కార్మిక సంఘాల మనుషులు. రెండు వర్గాలూ విడిపోకూడదని తిరిగేవారు. 1965 ఏప్రిల్ 11న నికోసియా నుంచి లార్నాకా పోయే దారిలో వాళ్ళ కారును కాపు కాసి కాల్చేశారు. ఇద్దరూ ఒకరి మీద ఒకరు ఒరిగి చనిపోయి ఉన్న ఫోటో దీవంతటికీ తెలుసు. శత్రువులేనా అని అడిగావు కదా. చంపినవాళ్ళు ఉన్నారు. చావడానికి సిద్ధపడి కలిసి తిరిగినవాళ్ళూ ఉన్నారు. రెండో సంగతి కూడా నోట్సులో రాసుకో.

సైన్యంలో పని చేసి ఇంటి దగ్గర ఉంటున్నాను. జనరల్ తిమ్మయ్య సైప్రస్‌లోనే చనిపోయారని మా సుబేదార్ చెప్పేవారు. నిజమేనా? – కనిగిరి

నిజం. శాంతి దళం 1964 మార్చిలో ఏర్పడింది. మొదటి కమాండర్ మన లెఫ్టినెంట్ జనరల్ జ్ఞానీ. ఆ వేసవిలోనే జనరల్ కె.ఎస్. తిమ్మయ్య బాధ్యత తీసుకున్నారు. 1965 డిసెంబరు 18న అక్కడే, పదవిలో ఉండగానే కన్నుమూశారు. సైప్రస్ ప్రభుత్వం ఆయన బొమ్మతో తపాలా బిళ్ళ వేసింది. 1974 యుద్ధం నాటికి కమాండర్ మేజర్ జనరల్ దివాన్ ప్రేమ్‌చంద్. రెండు సైన్యాలూ నికోసియా విమానాశ్రయం కోసం పోరాడుతుంటే దాన్ని ఐక్యరాజ్యసమితి కిందికి తెచ్చి నిలబెట్టింది ఆయన హయాంలోనే. ఆ విమానాశ్రయం ఈనాటికీ మూతపడే ఉంది. పీలా కూడలిలో ఐక్యరాజ్యసమితి జెండాను చూసినప్పుడు నాకు ఈ ముగ్గురే గుర్తొచ్చారు. మీ సుబేదార్ గారికి నా నమస్కారం చెప్పండి.

1923లో గ్రీసు, టర్కీ జనాన్ని మార్చుకున్నాయని మా పిల్లలకు పాఠంలో చెబుతాను. సైప్రస్ దానికెట్లా చిక్కలేదు? – హైస్కూల్ టీచర్, నెల్లూరు

అప్పటికి సైప్రస్ బ్రిటిష్ వాళ్ళ చేతిలో ఉంది కాబట్టి. 1878లో పాలన వాళ్ళ చేతికి వచ్చింది, 1914లో పూర్తిగా కలిపేసుకున్నారు. 1923 జనవరి 30న లోజాన్‌లో గ్రీసు, టర్కీ చేసుకున్న ఒప్పందం ఈ దీవికి వర్తించలేదు.

ఆ ఒప్పందంలో మనిషిని విడదీసిన కొలబద్ద భాష కాదు, మతం. మీ పిల్లలకు ఇది తప్పక చెప్పండి. సుమారు 12 లక్షల మంది ఆర్థడాక్స్ క్రైస్తవులు గ్రీసుకు, నాలుగు లక్షల దాకా ముస్లింలు టర్కీకి చేరారు. టర్కిష్ తప్ప మరో మాట రాని కప్పడోసియా క్రైస్తవులు గ్రీసులో దిగారు. గ్రీకు మాత్రమే మాట్లాడే క్రీటు ముస్లింలు టర్కీలో దిగారు. రెండు చోట్లా వాళ్ళని పరాయివాళ్ళ కిందే చూశారు. ఇస్తాంబుల్ గ్రీకులకు, పశ్చిమ థ్రేస్ ముస్లింలకు, ఇంబ్రోస్, తెనెదోస్ దీవులకు మాత్రం మినహాయింపు ఇచ్చారు. టర్కీలో ఫెతియే దగ్గర కయాకోయ్ అనే ఊరు ఉంది, గ్రీకులు లివిసి అనేవారు. గుట్ట వాలంతా రాతి ఇళ్ళు, పైకప్పులు లేవు. జనం పోయాక పెద్దగా ఎవరూ వచ్చి నిలవలేదు. 1957 భూకంపం మిగతాది కూల్చింది.

సైప్రస్ కలగలుపు ఊళ్ళకు మరో యాభై ఏళ్ళ ఆయుష్షు దక్కింది అందుకే.

మన బారా షహీద్ దర్గాలో హిందువులు, ముస్లింలు రొట్టెలు మార్చుకున్నట్టు, వాళ్ళకీ కలిసి మొక్కుకునే చోటేదైనా ఉందా? – గృహిణి, కోవూరు

ఉందమ్మా. దీవికి ఈశాన్య కొసన, కర్పాస్ అనే పొడుగాటి ముక్కు చివర, సెయింట్ ఆండ్రూ పేరున అపోస్తోలోస్ ఆండ్రెయాస్ మఠం ఉంది. సముద్రపు అంచున ఒక ఊట, దాని నీటికి మహిమ ఉందని నమ్మకం. గ్రీకు సైప్రియాట్లకు అది పెద్ద యాత్రాస్థలం, టర్కిష్ సైప్రియాట్లూ వెళ్ళి దీపం పెట్టి మొక్కుకుంటారు. మన చెరువు గట్టున రొట్టె పట్టుకునేవాళ్ళ కులం మతం ఎవరూ అడగనట్టే అక్కడా కోరికతో వచ్చినవాళ్ళని ఎవరూ అడగరు.

1974 తర్వాత అది ఉత్తర భాగంలో ఉండిపోయి శిథిలమైంది. 2008లో రెండు వర్గాల నిపుణులు కలిసి సాంస్కృతిక వారసత్వ సంఘం పెట్టుకున్నారు. దాని చేతుల మీదుగా మఠానికి మరమ్మతు జరిగి 2016లో మళ్ళీ తెరిచారు. ఖర్చులో గ్రీకు చర్చి వాటా ఉంది, టర్కిష్ వక్ఫు సంస్థ ఎవ్‌కాఫ్ వాటా కూడా ఉంది. నన్నడిగితే ఆ దీవిలో గత ఇరవై ఏళ్ళలో జరిగిన అతి మంచి పని ఇదే. ఇదే సంఘం ఉత్తరాన చర్చిలను, దక్షిణాన మసీదులను బాగు చేయిస్తోంది.

లార్నాకా ఉప్పు చెరువు గట్టున హాలా సుల్తాన్ తెక్కె ఉంది. 7వ శతాబ్దంలో అరబ్బు సైన్యంతో వచ్చి, కంచరగాడిద మీద నుంచి పడి చనిపోయిన ఉమ్ హరామ్ అనే పుణ్యస్త్రీ సమాధి. చలికాలంలో ఆ చెరువులో రాజహంసలు దిగుతాయి, మన పులికాట్‌లో చూసే ఫ్లెమింగోలే.

మేడమ్, మీరు కలిసి బతికారని తియ్యతియ్యగా చెబుతున్నారు. 2023లో అదే పీలాలో శాంతి సైనికులను కొట్టారని పేపర్లో చదివాను. దీనికేమంటారు? – పొదిలి

మీరు చదివింది నిజమే. 2023 ఆగస్టు 18న జరిగింది. అర్సోస్ అనే ఉత్తరాది ఊరి నుంచి పీలాకు రోడ్డు వేయడానికి టర్కిష్ సైప్రియాట్ అధికారులు పని మొదలుపెట్టారు. మధ్య జాగాలో అనుమతి లేకుండా వేయకూడదని శాంతి సైనికులు వాహనాలు అడ్డం పెట్టి నిలబడ్డారు. వాళ్ళని కొట్టారు, బుల్డోజర్లతో వాహనాలను తోసేశారు. ముగ్గురు సైనికులు ఆసుపత్రి పాలయ్యారు. భద్రతా మండలి ఖండించింది. అక్టోబరులో ఒక అవగాహనకు వచ్చారు.

అయితే పీలాలోని టర్కిష్ కుటుంబాల మాట కూడా వినండి. ఉత్తరానున్న చుట్టాల దగ్గరికి పోవాలంటే వాళ్ళు బ్రిటిష్ స్థావరం దారిలో తనిఖీ దాటాలి. నేరుగా రోడ్డు కావాలన్నది ఊరివాళ్ళకు నిజమైన అవసరం. గ్రీకు వాళ్ళ భయమూ నిజమే. గుట్ట మీది సైన్యం ఆ రోడ్డున దిగితే ఏం చేయాలని. సైనికులను కొట్టడం తప్పు, అందులో రెండో మాట లేదు. కానీ ఆ రోజు ఆ గొడవను పెంచింది బయటి రాజకీయం. కూడలిలోని రెండు దుకాణాల వాళ్ళు ఒకరి మీద ఒకరు రాళ్ళు వేసుకోలేదు.

చావుల సంగతీ నేను దాచను. 1963 నుంచి 74 దాకా కనబడకుండా పోయినవాళ్ళ అధికారిక జాబితాలో 2,002 మంది ఉన్నారు. 1,510 మంది గ్రీకు సైప్రియాట్లు, 492 మంది టర్కిష్ సైప్రియాట్లు. 1974 ఆగస్టు 14న తోఖ్నీ అనే కలగలుపు ఊరి టర్కిష్ మగవాళ్ళను తీసుకుపోయి చంపారు. పీలా నుంచి ఎంతో దూరం లేదది. రెండు వర్గాల శాస్త్రవేత్తలూ ఒకే ప్రయోగశాలలో ఆ ఎముకలను గుర్తిస్తున్నారు. వెయ్యి మందికి పైగా అవశేషాలు ఇంటివాళ్ళకు చేరాయి. ఇంత జరిగిన నేల మీద ఒక ఊరు తలుపులు వేసుకుని పారిపోకుండా ఉండటం నాకు గొప్పగా అనిపిస్తుంది. అందుకే చెబుతున్నాను.

పీలా ఒక్కటేనా, ఇంకా ఉన్నాయా? – సింగరాయకొండ

మధ్య జాగాలో రెండు వర్గాలూ కలిసి ఉన్న ఊరు పీలా ఒక్కటే. ఉత్తరాన కర్పాస్‌లో రిజోకర్పాసో అనే ఊళ్ళో కొన్ని వందల మంది గ్రీకు సైప్రియాట్లు ఉండిపోయారు. దక్షిణాన పొతామియాలో కొద్దిమంది టర్కిష్ సైప్రియాట్లు కదల్లేదు.

మా చెల్లెలు లార్నాకాలో ఒక ఇంట్లో పని చేస్తుంది. ఆదివారం పీలా చూసి రమ్మంటాను. ఏం జాగ్రత్తలు చెప్పాలి? – నెల్లూరు, మూలాపేట

లార్నాకా నుంచి ధెకేలియా వైపు రోడ్డున పోతే దగ్గరే. ఊళ్ళోకి పోవడానికి తనిఖీ లేదు. కూడలిలో, కాపలా గదుల వైపు, గుట్ట మీది ఠాణా వైపు ఫోన్ ఎత్తి ఫోటోలు తీయవద్దని గట్టిగా చెప్పండి. నిషేధం బోర్డులు ఉంటాయి. రాతి బురుజు, ఆర్కేంజెల్ మైకేల్ చర్చి, మసీదు చూడమనండి. గ్రీకు దుకాణంలో కాఫీ తాగితే టర్కిష్ దుకాణంలో ఏదన్నా తినమనండి. వేయించిన హల్లూమి జున్ను అడగమనండి, పుదీనా వేసి చేస్తారు, మన నోటికి నచ్చుతుంది. గ్రీకు వాళ్ళు హల్లూమి అన్నా టర్కిష్ వాళ్ళు హెల్లిమ్ అన్నా 2021లో యూరోపియన్ యూనియన్ రెండు పేర్లనూ కలిపే రిజిస్టర్ చేసింది.

అక్కడి నుంచి పెర్గామోస్ దగ్గర ఉత్తరానికి దాటే చోటు ఉంది. ఆమె వీసా దక్షిణ ప్రభుత్వం ఇచ్చింది కాబట్టి, యజమానినీ, వీసా చూసే వాళ్ళనీ అడగకుండా దాటకూడదు. పీలా దుకాణాల్లో సిగరెట్లు, సెంట్లు చవకగా అమ్ముతారు. ఎవరైనా తెచ్చిపెట్టమంటే ఒప్పుకోవద్దని చెప్పండి. తిరుగు దారిలో కస్టమ్స్ వాళ్ళు ఆపితే జరిమానా ఆమే కట్టాలి.